వణికే కారుకి ఆది చక్రం

"నాలుగు బొక్కలే కదా అమ్మమ్మా, నా కారుకీ నాలుగే, పట్టేస్తుందిలే" అంటన్నావు. పట్టదు నాన్నా. పట్టినా నమ్మకు. బొక్కలెన్ని అన్నది సగం మాటే. ఆ బొక్కలు ఎంత గుండ్రం మీద కూర్చున్నాయి అన్నది మిగతా సగం. ఒక చక్రానికీ ఇంకో చక్రానికీ ఆ గుండ్రంలో తేడా ఒక్కోసారి బియ్యపుగింజ మందమే ఉంటాది, కంటికి ఆనదు. నువ్వు కొనడానికి ఎల్లేటప్పుడు ఇప్పుడు బండికున్న చక్రం విప్పి పట్టుకెళ్ళకు. డిక్కీలో పడుకోబెట్టి ఉంటాదే స్టెప్నీ, అది తీసి పట్టుకెళ్ళు. ఎందుకో చెప్తాను.

మీ చెల్లి ఫోను పక్కనే ఉన్నట్టుంది, నవ్వు వినిపిత్తంది. సైకిలు తొక్కడం రాని అమ్మమ్మ చక్రాల గురించి చెప్తందేటి అని కదూ? నవ్వు తల్లీ. నాకు ఏ బండీ తోలడం రాదు, నిజమే. కానీ మీ అమ్మ పెళ్ళయి పూనా వచ్చేసిన కాణ్ణుంచి నా మోకాళ్ళు అరిగేదాకా, అనకాపల్లిలో హైవే పక్కన పాత చక్రాల షాపులో ఏ కారుకి ఏ చక్రమో తీసి ఇచ్చింది నేనే.

అంతకు ముందు జాకెట్లు కుట్టేదాన్ని, అది మీకు తెలుసు. జాకెట్టు కుట్టించుకోడానికి వచ్చిన మనిషిని మేం టేపుతో కొలవం. ఒంటికి సరిగ్గా కుదిరిన పాత జాకెట్టు ఒకటి తెమ్మంటాం. దాన్నే ఆది అంటాం. ఆదిని పరిచి, దాన్ని బట్టి కొత్తది కత్తిరిత్తాం. నా కొట్టుకి ఆనుకునే భాయ్ గారి చక్రాల షాపు. పాడైపోయిన కార్ల నించి తీసిన చక్రాలు తెచ్చి, తుప్పు గీకి, రంగేసి అమ్మేవారు. ఆయన భార్య జాకెట్లన్నీ నేను కుట్టినవే. మిషను తొక్కి తొక్కి నా నడుం పట్టేసి, డాక్టరు ఇంక తొక్కొద్దన్న రోజుల్లో భాయ్ వచ్చి మా గుమ్మంలో నిలబడ్డారు.

"అమ్మా, మీరు మనిషిని దూరం నించి చూసి సైజు చెప్పేత్తారు. నా దగ్గర ఉన్నవి ఇనప చక్రాలు. ఇవి లావెక్కవు, చిక్కిపోవు. జర వీటి సంగతి చూడండి" అన్నారు.

అలాగ చేరేను. చేరేక నాకు చేతనైన పనే చేసేను. ఒక్కో రకం చక్రానికి ఒక్కో అట్ట కత్తిరించి, బొక్కలున్న చోట బొక్కలు పెట్టి, మధ్యలో పెద్ద బొక్క ఎంతుందో అంత కోసి, గోడకి మేకులు కొట్టి వేలాడదీసేను. చక్రం మీద అట్ట పెట్టి చూత్తే చాలు, ఏ జాతిదో తెలిసిపోద్ది. షాపులో ఫిట్టరు ఒకడుండేవాడు. రాంబిల్లి అవతల సముద్రం ఒడ్డు ఊరు వాడిది, వలలు లాగి లాగి చేతులు తాళ్ళలాగ ఉండేవి. ఆ అట్టలు చూసి పడీ పడీ నవ్వేవాడు.

"వదినా, సక్రానికి హుక్కులు ఎక్కడెడతావు? ముందా, ఎనకా?"

"నీ నోటికెడతాను రా" అనేదాన్ని.

మంచివాడు. ఒకటే జబ్బు. ఏదైనా దూరకపోతే ఆకురాయి తీసేవాడు. ఇంత రాపిడి పెడితే దూరిపోద్ది అనేవాడు. నేను వద్దనేదాన్ని. మా ఇద్దరికీ రోజూ అదే గొడవ.

ఇంక అసలు సంగతి. బెల్లం వండే రోజులవి, మా రోడ్డు నిండా చెరుకు లారీలు. మధ్యాన్నం ఒక చిన్న కారు వచ్చి ఆగింది. ముసలాయన తోలుతున్నాడు, పక్కన ఆయన భార్య. మునగపాక వేపు వాళ్ళు, చెరుకు పండించుకునే రైతులు. విశాపట్నం ఆసుపత్రి నించి తిరిగి వత్తన్నారు. ఆవిడకి మూత్రపిండాలు పనిచెయ్యవు. రోజు విడిచి రోజు ఎల్లి మిషను మీద రక్తం కడిగించుకోవాలి. వారం కిందట గోతిలో పడి ఎడమ పక్క ముందు చక్రం పగిలిపోతే, స్టెప్నీ ఏసుకుని తిరుగుతున్నారు. పగిలిన చక్రాన్ని డిక్కీలోంచి తీసి నా ముందు పెట్టేడు. వెండిలాగ మెరిసే సోకు చక్రం.

"అమ్మా, దీని లాంటిదే ఒకటి సూడండి. ఈ పాత కారు కొన్నప్పుడే ఉన్నాయివి, ముందటోడు ఏయించినవి."

భాయ్ నమాజుకి ఎల్లేరు. ఫిట్టరు ఆయన్ని ఎనక చక్రాల పోగు దగ్గరికి తీసుకెళ్ళేడు. ఆవిడ దిగొచ్చి నా పక్కన కుర్చీలో ఫేను కింద కూలబడింది. మంచినీళ్ళు ఇవ్వబోతే వద్దంది.

"నాకు నీళ్ళు కూడా కొలతేనమ్మా. ఈ పూటకి అయిపోనాయి."

గ్లాసు తీసి దూరంగా పెట్టేను. ఆవిడ కుడి చేత్తో ఎడమ చేతిని గట్టిగా పట్టుకుని కూర్చుంది, పసిపిల్లని పట్టుకున్నట్టు. నేను చూడ్డం చూసి నా చెయ్యి లాక్కుని తన చెయ్యి మీద పెట్టుకుంది. సూదులు గుచ్చడానికి అక్కడ నరం ఆపరేషను చేసి ఉంచుతారట. చర్మం కింద గుర్రుమంటంది. ఒళ్ళో పడుకున్న పిల్లి గుర్రుమన్నట్టు.

"ఇది కొట్టుకుంటే మంచిదేనట. ఆగిపోతేనే బయమట. రోజూ సూసుకోమన్నారు" అంది. అని, పోగు వేపు ఓసారి చూసి, గొంతు తగ్గించింది. "కానీ అప్పా, ఈ వణుకు చేతిలోంచి ఒళ్ళంతా పాకేత్తంది. ఆసుపత్రికెల్లిన రోజునే వత్తాది. కారెక్కి కూకుంటే కాళ్ళ కాణ్ణుంచి పళ్ళ దాకా వణుకు. అందుకే ఇలగ పట్టుకుంటాను. మావకి సెప్పలేదు. సెప్తే ఇంక రేత్రుళ్ళు తొంగోడు. నువ్వూ సెప్పకే."

అప్పా అంటే అక్కా అని. మావ అంటే మొగుడే, మేనమామని చేసుకుంది. చెప్పనని చేతిలో చెయ్యేసేను.

కొంచెం సేపటికి ఆవిడకి కునుకొచ్చి, కార్లో పడుకుంటానని ఎల్లింది. ఆయన వచ్చేడు. టీ తెప్పిత్తానంటే వద్దన్నాడు. రెండు చేతులూ తువ్వాలు కింద పెట్టుకుని కూర్చున్నాడు. మిట్టమధ్యాన్నం ఎండలో చేతులు కప్పుకునే మనిషిని నేను ఎప్పుడూ చూళ్ళేదు.

"చక్రం ఈ రోజే దొరుకుతాదా అమ్మా? ఎల్లుండి మళ్ళీ ఎల్లాలి."

"దొరుకుతాది. డ్రైవరుని పెట్టుకోకూడదా బాబూ, ఈ వయసులో ఇంత దూరం?"

"అల్లుడూ అదే అంటాడు. నక్కపల్లి నించి రోజూ ఫోను. మావా, ఇంక స్టీరింగు వదిలీ, మనిషిని పెడతానంటాడు. కానీ వచ్చేటప్పుడు దానికి వాంతులవుతాయమ్మా. దార్లో బండాపి మొకం కడగాలి, చీర సరిసెయ్యాలి. పరాయోడి ముందు సిగ్గుతో సచ్చిపోద్ది. ఓపాలి పెట్టి సూసేం. మర్నాడు ఆసుపత్రికే రానంది."

అని కాసేపు నేల చూపులు చూసి, తువ్వాలు తీసి చేతులు చూపించేడు.

"ఇయి వణుకుతున్నాయమ్మా. స్టీరింగు మీద. హైవే ఎక్కి కొంచెం జోరందుకుంటే మరీను. అల్లుడికి తెలిసిందంటే తాళాలు లాక్కుంటాడు. దానికి తెలిసిందంటే నీ చేతులు పోయేయి, ఇంక నాను రానంటాది. రాకపోతే ఏటవుద్దో తెలుసు కదా. ఎవుళికీ సెప్పకమ్మా."

ఆయనకీ చెప్పనన్నాను. అరగంటలో ఇద్దరి మాటలూ నా కొంగున ముడిపడ్డాయి. ఏ ముడీ విప్పడానికి లేదు.

లేవబోతూ ఆయన తనలో తను అనుకున్నట్టు అన్నాడు: "స్టెప్నీ ఏసేక కొంచెం నయంగా ఉన్నట్టుంది. నా బ్రమేమో."

అప్పుడు ఆ మాట నా చెవిన పడింది, బుర్రకెక్కలేదు. ఫిట్టరు కేకేసేడు, "వదినా, దొరికేసింది!" అని. పోగులోంచి అచ్చం అలాంటిదే ఒకటి లాగేడు. మెరుపు కొంచెం తక్కువ, అంతే. పగిలిన దాని మీద దీన్ని పెట్టి పై బొక్కల్లోంచి చూసేను. ఎక్కడా కింద దాని అంచు అడ్డు రాలేదు. ఆదికి సరిపోయింది. నేనూ సరే అన్నాను.

ఫిట్టరు జాకీ పెట్టి, స్టెప్నీ విప్పి పక్కన దొర్లించి, కొత్తది ఎత్తేడు. చక్రం తగిలించే హబ్బుకి నాలుగు బోల్టులు బయటకి పొడుచుకుని ఉంటాయి కదా, చక్రం బొక్కలు వాటి మీద ఎక్కాలి, ఎక్కేక నట్లు బిగించాలి. ఎక్కలేదు. ఒక పక్క దూరితే ఇంకో పక్క అంచుకి తగులుతంది. తిప్పి చూసేడు, అదే వరస.

"ఓసంతేనా! జానెడు ఆకురాయి పని" అని లేచేడు.

"ఆగరా" అన్నాను. ఆదికి సరిపోయినది ఒంటికి సరిపోలేదంటే ఏటి? జాకెట్ల కొట్టులో ఇది నాకు కొత్త కాదు. పురిటికి ముందు జాకెట్టు ఆది తెచ్చి పురుడయ్యేక కుట్టమనేవాళ్ళు ఉంటారు. అక్క జాకెట్టు విప్పి కుట్టుకుని అదే ఆదని తెచ్చేవాళ్ళు ఉంటారు. అప్పుడు ఆదినే అనుమానించాలి. పగిలిన చక్రం మళ్ళీ దగ్గరికి లాక్కుని బొక్కల్లో వేలు పెట్టి తడిమేను. గుండ్రంగా లేవు. కోడిగుడ్డులాగ ఉన్నాయి. లోపల ఆకురాయి గీతలు ఇంకా చేతికి తగులుతున్నాయి.

అంటే ముందటివాడు ఎవడో సోకు కోసం ఈ కారుకి కాని చక్రాలు తెచ్చి, ఎక్కకపోతే బొక్కలు గీకించి ఎక్కించేసేడు. బొక్క పెద్దదైతే ఎక్కుతాది, కానీ నట్టు దాన్లో కుదురుగా కూర్చోదు. చక్రం మధ్యన నిలవదు. నిలవని చక్రం తిరిగితే ఏటవుద్ది?

వణుకుతాది నాన్నా. బండి ఎంత జోరుగా ఎల్తే అంత వణుకుతాది.

అప్పుడు ఎక్కింది నా బుర్రకి, స్టెప్నీ ఏసేక నయమన్నాడే, ఆ మాట. స్టెప్నీ అంటే బండిలో అన్నిటికంటే పాతబడ్డ టైరు. అదెలాగ నయమవుద్ది? గోడ మీంచి ఆ కారు జాతి అట్ట తీసి, పక్కన పడున్న ఆ నల్ల ఇనప చక్రం మీద పెట్టేను. బొక్క బొక్కకీ సరిగ్గా కూర్చుంది. కారు కొత్తగా వచ్చినప్పుడు డిక్కీలో పడుకుని, ఎవరి సోకూ అంటకుండా ఉండిపోయిన చక్రం. ఈ కారుకి అసలు ఆది అది. మెరిసేవాటినే ఆది అనుకున్నాం అందరం.

ముందున్నవీ ఎనకున్నవీ, అన్నీ తీసెయ్యాలన్నాను. ఆయన ఒప్పుకోలేదు. "ఇన్నాళ్ళూ నడిసింది కదమ్మా, నాకు ఒక్క చక్రం సాలు" అన్నాడు. ఆయన బయం నాకు అర్థమైంది. కారు బాగులేదన్న మాట బయటకొత్తే అల్లుడికి అది చాలు. కార్లో ఆవిడ లేచి కూర్చుని ఇటే చూత్తంది, ఏటైందో అని. ఇద్దరికీ చెప్పాల్సింది ఒకటే మాట. ఇద్దరికీ చెప్పకూడదని ఒట్టేసి ఉన్నాను.

ఏం చెయ్యను? ఫిట్టరు మీద పడ్డాను. పగిలిన చక్రం నిలబెట్టి దాన్ని అరిచేత్తో చరిచి, వీధంతా వినబడేలాగ అరిచేను.

"ఒరే, ఇలా చూడు! వణికేది ఈ చక్రం! ఇది వణికితే కారంతా వణుకుతాది. తోలేవాడి చేతులు వణుకుతాయి. పక్కన కూర్చున్నోళ్ళకి కాళ్ళ కాణ్ణుంచి పళ్ళ దాకా వణుకు. ఎవరికి వాళ్ళు తమ ఒళ్ళే వణుకుతుందనుకుంటారు. ఒంట్లో ఏటీ లేదు! ఇది, ఇది!"

ఫిట్టరు నోరు తెరిచేడు. వాడి జన్మలో నేను అంత గట్టిగా మాట్లాడగా వినలేదు. సరిగ్గా అప్పుడే నమాజు నించి వచ్చిన భాయ్ గుమ్మంలో ఆగిపోయి, "అమ్మా, వాడికి చెవులు బాగానే ఉన్నాయి" అన్నారు.

నేను ఆ చక్రాన్ని పట్టుకునే ఓరగా చూసేను. ఆయన తన చేతులు చూసుకుంటన్నాడు, అటూ ఇటూ తిప్పి, ఎవరివో అన్నట్టు. కార్లో ఆవిడ తన ఎడమ చెయ్యి చూసుకుంటంది. ఒకరి మొహం ఒకరు చూసుకోలేదు. తర్వాత ఆయన నా వేపు తిరిగి, "అన్నీ మార్చీండమ్మా" అన్నాడు.

భాయ్ తనే పైజమా ఎగ్గట్టి పోగులోకి దిగేరు. నల్లవి, మొరటువి, కానీ ఆ కారు జాతివి, ఒకదాని తర్వాత ఒకటి లాగి నాకు ఇచ్చేరు. ప్రతి దాని మీదా అట్ట పెట్టి చూసేను. ఫిట్టరు పాత టైర్లు విప్పి వీటికి ఎక్కించేడు. ఈసారి చక్రాలు వాటంతట అవే బోల్టుల మీద కూర్చున్నాయి. నట్లు ముందు చేత్తోనే చివరిదాకా తిప్పేడు, తర్వాతే పానా ముట్టుకున్నాడు. అంతా అయ్యేక దూరం నించి కారుని చూసి నాలిక చప్పరించేడు.

"పెళ్ళికొడుకు బూట్లిప్పేసి అవాయి చెప్పులేసినట్టుంది మావా నీ కారు."

"ఏసుకునేది నాను. నడవనీ సాలు" అన్నాడాయన.

బయల్దేరేరు. మేం ముగ్గురం గుమ్మంలో నిలబడి చూత్తన్నాం. రోడ్డెక్కేరు, చెరుకు లారీని దాటేరు, కొంచెం జోరందుకున్నారు. అంతలో ఎడమ పక్క దీపం కొట్టుకుంది. కారు పక్కకి తీసి ఆపేసేడు.

ఫిట్టరు మొహం తెల్లబోయింది. "నట్టు వదిలేసేనేటి వదినా!" అని పానా అందుకుని పరుగెత్తబోయేడు. నేను చొక్కా పట్టుకుని లాగేను.

"ఉండు."

"ఉండేదేటి, సక్రం ఊడిపోతే?"

"ఉండమన్నాను కదరా."

ఎవరూ దిగలేదు. ఎనకద్దంలో రెండు తలలు కనబడుతున్నాయి. చూత్తండగానే ఆయన రెండు చేతులూ స్టీరింగు మీంచి ఎత్తి ముందుకి చాపేడు, గాజులమ్మే వాడికి చూపించినట్టు. ఆవిడ తల ఇటు తిరిగింది. ఆ చేతుల మీద ఇంకో చెయ్యి పడింది. తర్వాత రెండు తలలూ కదిలేయి. నవ్వేరో ఏడ్చేరో అంత దూరానికి తెలీలేదు. భాయ్ చూపు తిప్పేసుకుని, "లోపలికి రండి, పని ఉంది" అన్నారు. పనేటీ లేదు. మేం లోపలికి వచ్చేసేక కారు స్టార్టయిన చప్పుడు వినబడింది.

మార్చిన చక్రాలకి కొన్నాళ్ళు తిరిగేక నట్లు మళ్ళీ బిగించి చూడాలి. అందుకని ఇద్దరూ మళ్ళీ వచ్చేరు. ఆవిడ ఒళ్ళో తడిగుడ్డ, గుడ్డలో కనకాంబరాలు. విశాపట్నం ఎల్లి వచ్చే దారిలో కట్టేసిందట, మూర పైనే ఉంది దండ. చెయ్యి పట్టుకోవాల్సిన పని లేకపోతే చేతులు ఊరికే ఉండవు కదా. సగం తుంచి నాకు ఇచ్చింది. ఆయన ఈసారి అడగకుండానే టీ తాగేడు. గ్లాసు కొంచెం వణికింది, మరి వయసు. కానీ తువ్వాలు భుజం మీదే ఉంది.

ఆ రోజు కారాపి ఏం చెప్పుకున్నారో అడగాలని నాలిక చివరిదాకా వచ్చింది. ఆవిణ్ణి అడిగితే ఆయన నాకు చెప్పిన సంగతి బయటపడుద్ది. ఆయన్ని అడిగితే ఆవిడది. ఇద్దరూ ఎదురెదురుగా నన్ను చూసి ఒకేలాగ నవ్వుతన్నారు, నువ్వు మంచిదానివి, ఎవరికీ చెప్పలేదు అన్నట్టు. దండ జళ్ళో పెట్టుకుని ఊరుకున్నాను.

ఆ నల్ల చక్రాల కారు చాలా కాలం మా రోడ్డు మీద తిరిగింది. షాపు ముందుకి రాగానే ఓసారి హారను కొట్టేవాడు. తర్వాత తర్వాత కనబడ్డం మానేసింది. ఎందుకని నేను ఎవరినీ అడగలేదు, మీరూ నన్ను అడక్కండి.

నువ్వు మాత్రం స్టెప్నీ పట్టుకెళ్ళు నాన్నా. ఎవడైనా ఆకురాయి తీత్తే లేచి వచ్చీ. నాకు ఇప్పటికీ చేతిలో ఏదైనా వణికితే, ముందు కింద ఏటుందో చూసుకుంటాను. మధ్యాన్నం పూట నడుం వాల్చినప్పుడల్లా ఆ పక్కకి తీసి ఆపిన కారే గుర్తొత్తాది. అన్నాళ్ళు దాచుకున్న మాట, జోరుగా ఎల్తన్న బండి ఏ వణుకూ లేకుండా నున్నగా సాగిపోతుంటే, ఆ ఇద్దర్లో ముందు ఎవరు చెప్పేరు? ఆయనా, ఆవిడా?